కాలేజీ అమెరికన్ ఫుట్‌బాల్ జట్టు విజయవంతమైన సీజన్‌ను ఎలా చదవాలి

అమెరికా విశ్వవిద్యాలయాల ఫుట్‌బాల్ సీజన్ ముగిశాక ఒక్కో జట్టు పేరు పక్కన రెండు అంకెలు మిగులుతాయి. మొదటిది గెలిచిన మ్యాచ్‌ల సంఖ్య, రెండవది ఓడిన మ్యాచ్‌ల సంఖ్య. ఈ రెండు అంకెలనే నమ్ముకున్నవారు 2014 సీజన్‌లో బాగా పొరబడ్డారు. ఫ్లోరిడా స్టేట్ 13-0 రికార్డుతో ప్లేఆఫ్‌కు, అంటే జాతీయ ఛాంపియన్‌ను తేల్చే చివరి మ్యాచ్‌లకు చేరి, 2015 జనవరి 1న రోజ్ బౌల్ అనే సెమీఫైనల్‌లో ఒరెగన్ చేతిలో 59-20 తేడాతో చిత్తుగా ఓడింది. ఒహాయో స్టేట్ మాత్రం తన రెండో మ్యాచ్‌లోనే, అదీ సొంత మైదానంలో, వర్జీనియా టెక్ చేతిలో 35-21తో ఓడినా, చివరికి అదే ఒరెగన్‌ను 42-20తో ఓడించి జాతీయ ఛాంపియన్ అయింది. ఇది అనూహ్యమని చాలామంది అనుకున్నారు. వారం వారం మ్యాచ్‌లను రాసి పెట్టుకున్నవారికి అంత ఆశ్చర్యం కలిగి ఉండదు. అలా రాసి పెట్టుకోవడం ఎలాగో ఇక్కడ వివరిస్తాను. ఉదాహరణకు ప్రధానంగా లూసియానా స్టేట్ యూనివర్సిటీ, అంటే ఎల్‌ఎస్‌యూ, 2019లో ఆడిన 15-0 సీజన్‌ను తీసుకుంటాను. నేను వరుస వరుసగా రాసి చూసిన సీజన్లలో ఇంత స్పష్టంగా పాఠం చెప్పేది మరొకటి కనబడలేదు.

ఆట నియమాలు కొత్తగా నేర్చుకునేవారికి ఇంతమాత్రం తెలిస్తే చాలు. జట్టుకు 11 మంది చొప్పున, 100 గజాల మైదానంలో, 15 నిమిషాల చొప్పున నాలుగు క్వార్టర్లు ఆడతారు. బంతి చేతిలో ఉన్న జట్టు నాలుగు ప్రయత్నాలలో 10 గజాలు ముందుకు సాగాలి. సాగితే మళ్లీ నాలుగు ప్రయత్నాలు దక్కుతాయి. ఒక్కో ప్రయత్నాన్ని డౌన్ అంటారు. బంతిని ప్రత్యర్థి చివరి గీత దాటిస్తే టచ్‌డౌన్, దానికి 6 పాయింట్లు, ఆ వెంటనే చేసే అదనపు ప్రయత్నానికి 1 లేదా 2. బంతిని గోల్ స్తంభాల మధ్య నుంచి తన్నితే ఫీల్డ్ గోల్, దానికి 3. బంతిని అందుకున్నప్పటి నుంచి వదులుకునే వరకు సాగే దాడిని డ్రైవ్ అంటారు. మిగిలినవి చూస్తూ ఉంటే అవే పట్టుబడతాయి.

పట్టిక గీయడం

ఒక నోటు పుస్తకంలో మ్యాచ్‌కు ఒక అడ్డు వరుస చొప్పున కేటాయించండి. సాధారణ సీజన్‌లో 12 మ్యాచ్‌లు ఉంటాయి. కాన్ఫరెన్స్ (కొన్ని విశ్వవిద్యాలయాల జట్లు కలిసి ఆడే కూటమి) ఫైనల్, ఆ తర్వాతి మ్యాచ్‌ల కోసం మరో అయిదు వరుసలు ఖాళీగా ఉంచండి. నిలువు గళ్లలో ప్రత్యర్థి పేరు, ఆట జరిగిన చోటు, ఆనాటికి ప్రత్యర్థి ర్యాంకు, స్కోరు, రెండు జట్లు పోగొట్టుకున్న బంతుల సంఖ్య, మీ వ్యాఖ్య రాయాలి. వీటన్నిటి తర్వాత కుడివైపు చివరన ఒక గడిని సీజన్ ముగిసేదాకా ఖాళీగా వదిలేయాలి. ఆ గడి ప్రత్యర్థి చివరికి ఎక్కడ నిలిచిందో రాయడానికి. ఈ మొత్తం పద్ధతిలో నాకు అత్యంత విలువైనదిగా తోచేది ఆ ఖాళీ గడే.

మ్యాచ్‌లు ఎక్కువగా శనివారం జరుగుతాయి. అసోసియేటెడ్ ప్రెస్ ర్యాంకులు ఆదివారం వెలువడతాయి. మీ వ్యాఖ్యను ఆ ర్యాంకులు రాకముందే రాయండి. పాత్రికేయుల ఓట్లు చూసిన తర్వాత రాస్తే, మీరు చూసిన ఆట కాక వారు చూసిన ఆటే మీ పుస్తకంలోకి వస్తుంది. ఒకసారి రాసిన వ్యాఖ్యను తర్వాత దిద్దకండి. తప్పైతే తప్పుగానే ఉండనివ్వండి.

గత సంవత్సరం నుంచి మొదలుపెట్టడం

విజయవంతమైన సీజన్ ఆగస్టు చివర్లో మొదలైనట్టు కనిపిస్తుంది గాని, దాని వేళ్లు అంతకు ముందు ఏడాదిలో ఉంటాయి. అందుచేత మొదటి వరుసకు పైన గత సీజన్ గురించి నాలుగు ముక్కలు రాయండి: ఎవరి చేతిలో ఎంత తేడాతో ఓడారు, ఎవరు వెళ్లిపోయారు, ఎవరు మిగిలారు, శిక్షకులలో ఎవరు కొత్తగా వచ్చారు.

ఎల్‌ఎస్‌యూ 2018లో 10-3తో ముగించింది. అలబామా చేతిలో సొంత మైదానంలో 29-0తో ఓడింది. ఒక్క పాయింటు కూడా చేయలేకపోయింది. టెక్సస్ ఎ అండ్ ఎం చేతిలో ఏడు ఓవర్‌టైమ్‌ల తర్వాత 74-72తో ఓడింది. ఆ ఏడాది ఒహాయో స్టేట్ నుంచి వచ్చి చేరిన క్వార్టర్‌బ్యాక్, అంటే దాడిని నడిపి పాసులు విసిరే ఆటగాడు, జో బరో మొత్తం సీజన్‌లో 16 టచ్‌డౌన్ పాసులు మాత్రమే వేశాడు. అతని పాసులలో సహచరుల చేతికి అందినవి 57.8 శాతం. ఈ అంకెలు చూసి మరుసటి ఏడాది 60 టచ్‌డౌన్ పాసులు వేస్తాడని ఎవరూ ఊహించలేరు. కానీ అదే పుటలో మరో వరుస ఉంది. 2019 జనవరి 1న ఫియస్టా బౌల్‌లో (సీజన్ చివర ఆడే ప్రత్యేక మ్యాచ్‌లను బౌల్ అంటారు) ఎల్‌ఎస్‌యూ 25 మ్యాచ్‌లుగా ఓటమి ఎరుగని సెంట్రల్ ఫ్లోరిడాను 40-32తో ఓడించింది. ఆ ఒక్క మ్యాచ్‌లోనే బరో నాలుగు టచ్‌డౌన్ పాసులు వేశాడు. ఆ వెంటనే ప్రధాన శిక్షకుడు ఎడ్ ఓర్జరాన్ న్యూ ఆర్లీన్స్ సెయింట్స్ అనే వృత్తి లీగ్ జట్టు సిబ్బంది నుంచి జో బ్రేడీ అనే యువ శిక్షకుణ్ణి పాసింగ్ ఆట బాధ్యత అప్పగించి తీసుకువచ్చాడు. చివరి మ్యాచ్‌లో కనిపించిన మార్పు, శీతాకాలంలో జరిగిన నియామకం, మిగిలి ఉన్న అనుభవజ్ఞుడైన క్వార్టర్‌బ్యాక్ అనే మూడూ ఒకే చోట కలిసినప్పుడు ఆ జట్టు పేరు పక్కన గుర్తు పెట్టుకోండి.

2018 అక్టోబరులో ట్రాన్స్‌ఫర్ పోర్టల్, అంటే విశ్వవిద్యాలయం మారదలచిన ఆటగాళ్లు పేరు నమోదు చేసుకునే జాబితా, మొదలైంది. 2021లో ఆటగాడు ఒకసారి విశ్వవిద్యాలయం మారినా ఏడాదిపాటు ఆగనక్కరలేదన్న నియమం వచ్చింది. అప్పటి నుంచి ‘ఎవరు మిగిలారు’ అన్న ప్రశ్నకు జవాబు ప్రతి ఏడాదీ పెద్దగానే మారుతోంది. కాబట్టి ఈ పనిని వసంతకాలంలో ఒకసారి, ఆగస్టులో మరోసారి చేయడం మంచిది.

షెడ్యూల్‌ను తూకం వేయడం

మ్యాచ్‌లన్నీ సమానం కావు. పెద్ద జట్లు సెప్టెంబరులో చిన్న జట్లకు డబ్బు చెల్లించి తమ మైదానానికి రప్పించుకుంటాయి. ఆ గెలుపులు రికార్డులో చేరతాయి గాని జట్టు గురించి పెద్దగా ఏమీ చెప్పవు. ఎల్‌ఎస్‌యూ 2019లో నార్త్‌వెస్టర్న్ స్టేట్‌ను 65-14తో ఓడించిన మ్యాచ్ అలాంటిదే. అటువంటి వరుసకు ఒక్క మాటలో వ్యాఖ్య రాసి ముందుకు సాగండి.

ఎక్కడ ఆడారన్నది మాత్రం శ్రద్ధగా రాయాలి. ఎల్‌ఎస్‌యూ ఆ ఏడాది బేటన్ రూజ్‌లోని తన టైగర్ స్టేడియంలో ఏడు, ప్రత్యర్థుల మైదానాల్లో అయిదు, తటస్థ వేదికల్లో మూడు మ్యాచ్‌లు ఆడింది. ఆ అయిదింటిలో టెక్సస్, అలబామా మ్యాచ్‌లు రెండూ ఉన్నాయి. లక్షమంది ప్రేక్షకుల అరుపుల మధ్య దాడి జట్టుకు క్వార్టర్‌బ్యాక్ మాట వినబడదు, సైగలతోనే ఆడాలి. అందుకే బయట గెలిచిన అయిదు పాయింట్ల తేడా, ఇంట గెలిచిన అయిదు పాయింట్ల తేడా నా లెక్కలో ఒకటి కావు.

ర్యాంకుల గడి విషయంలో జాగ్రత్త అవసరం. సెప్టెంబరులో టెక్సస్ 9వ ర్యాంకులో ఉండగా ఎల్‌ఎస్‌యూ ఆస్టిన్‌లో దాన్ని 45-38తో ఓడించింది. అప్పట్లో అది గొప్ప గెలుపుగా కనిపించింది. టెక్సస్ ఆ సీజన్‌ను 8-5తో, 25వ ర్యాంకుతో ముగించింది. సీజన్ మొదట్లో ర్యాంకులంటే అంచనాలు మాత్రమే. నవంబరు దాటితే గాని వాటిలో నిజం చేరదు. ఖాళీగా వదిలిన చివరి గడి పని ఇక్కడే. ఎల్‌ఎస్‌యూ పట్టికలో ఆ గడి నింపితే కనబడేది ఇది: క్లెమ్సన్ 2, జార్జియా 4, ఫ్లోరిడా 6, ఓక్లహోమా 7, అలబామా 8, ఆబర్న్ 14, టెక్సస్ 25. సీజన్ ముగింపు ర్యాంకుల్లో మొదటి ఎనిమిది స్థానాల్లో ఉన్న అయిదు జట్లను ఒకే ఏడాది ఓడించిన జట్టు అది. 15-0 అన్న అంకెకు అసలు బరువు ఇచ్చింది ఆ గడే.

గణాంకాల పట్టికలో ఏది చూడాలి

మ్యాచ్ ముగిశాక వచ్చే గణాంకాల పుటను బాక్స్ స్కోర్ అంటారు. అందులో పదుల కొద్దీ అంకెలు ఉంటాయి. కొత్తవారు మొత్తం గజాల దగ్గరే ఆగిపోతారు. ఆబర్న్‌తో జరిగిన మ్యాచ్‌లో ఎల్‌ఎస్‌యూ 500 గజాలకు పైగా సాధించి కూడా 23-20తోనే గట్టెక్కింది. ఆ ఏడాది దాని అతి తక్కువ స్కోరు అదే. గజాలు పాయింట్లుగా మారని చోట ఏం జరిగిందో తెలుసుకోవాలంటే డ్రైవ్‌ల జాబితా తీసి, ఒక్కొక్క డ్రైవ్ ఎక్కడ మొదలై ఎక్కడ ఆగిందో వేలు పెట్టి చదవాలి. ప్రత్యర్థి గీతకు 20 గజాల లోపలికి చేరిన దాడి టచ్‌డౌన్‌తో ముగిసిందా, ఫీల్డ్ గోల్‌తో సరిపెట్టుకుందా అన్నది మొదట చూడండి. అక్కడ ప్రతిసారీ మూడేసి పాయింట్లతో తృప్తిపడే జట్టు గెలుస్తున్నా సరే, దాని వరుస పక్కన ఒక ప్రశ్నార్థకం పెట్టండి.

రెండవది, మూడో డౌన్. దాడి జట్టు నాలుగో డౌన్‌లో సాధారణంగా బంతిని దూరంగా తన్నేస్తుంది కనుక, మూడో డౌన్‌లో కావలసిన గజాలు రాబట్టగలిగిన జట్టు చేతిలోనే బంతి ఉంటుంది. టెక్సస్ మ్యాచ్ చివరి మూడు నిమిషాల్లో ఎల్‌ఎస్‌యూ ఆరు పాయింట్ల ఆధిక్యంతో ఉండగా, మూడో డౌన్‌లో ఇంకా 17 గజాలు కావలసి వచ్చింది. ఆ పరిస్థితిలో చాలా జట్లు బంతిని పరుగెత్తించి గడియారాన్ని కరిగిస్తాయి. బరో మాత్రం మీదికి వచ్చిపడుతున్న రక్షకులను తప్పించుకుని జస్టిన్ జెఫర్సన్‌కు పాస్ వేశాడు. అది 61 గజాల టచ్‌డౌన్ అయింది. నేనైతే ఆ వరుస వ్యాఖ్యలో స్కోరు కన్నా ముందు ఈ ఒక్క నిర్ణయాన్నే రాస్తాను. ఆ జట్టు ఆ ఏడాదంతా ఎలా ఆడబోతోందో సెప్టెంబరు మొదటి వారంలోనే అది చెప్పింది.

మూడవది, పోగొట్టుకున్న బంతులు. ప్రత్యర్థి పట్టుకున్న పాసు ఇంటర్‌సెప్షన్, చేజారిన బంతి ఫంబుల్. రెండూ కలిపి టర్నోవర్లు. ఇవి మ్యాచ్‌ను తారుమారు చేస్తాయి గనుక వీటిని విడివిడిగా రాయండి. చేజారిన బంతి ఎటు దొర్లుతుందో, ఎవరి చేతికి చిక్కుతుందో చాలావరకు అదృష్టం. మంచి క్వార్టర్‌బ్యాక్ ఇంటర్‌సెప్షన్లను తగ్గించగలడు. బరో 2019లో 60 టచ్‌డౌన్ పాసులకు 6 ఇంటర్‌సెప్షన్లు మాత్రమే ఇచ్చాడు. అది అదృష్టంతో వచ్చే లెక్క కాదు. ఒక జట్టు గెలుపులన్నీ దొరికిన ఫంబుళ్ల మీదే నిలబడి ఉంటే, ఆ గెలుపులు వచ్చే నెలలో ఆగిపోయే అవకాశం ఎక్కువ.

ఒక చిన్న సాంకేతిక విషయం చాలామందిని తికమక పెడుతుంది. కాలేజీ ఆటలో క్వార్టర్‌బ్యాక్‌ను బంతితో సహా పడగొట్టినప్పుడు పోయిన గజాలను పరుగు గజాల నుంచి తీసివేస్తారు. వృత్తి క్రీడాకారుల లీగ్‌లో వాటిని పాసు గజాల నుంచి తీసివేస్తారు. కాబట్టి కాలేజీ జట్టు పరుగు ఆట బలహీనమని నిర్ణయించే ముందు ఆ గజాలను తిరిగి కలిపి చూసుకోవాలి.

చివరగా, ఆట తేలిపోయిన తర్వాత వచ్చిన పాయింట్లను వేరు చేయాలి. ప్లేఆఫ్ సెమీఫైనల్‌లో ఎల్‌ఎస్‌యూ ఓక్లహోమాపై విరామానికే 49-14 ఆధిక్యంలో ఉంది; బరో ఏడు టచ్‌డౌన్ పాసులు అప్పటికే వేశాడు. రెండో సగంలో రెండు జట్లూ సరిగ్గా 14 పాయింట్ల చొప్పున చేశాయి. ఆ రెండో సగాన్ని చూసి ఓక్లహోమా సమానంగా పోరాడిందని ఎవరైనా రాస్తే అది తప్పు లెక్క.

స్వల్ప తేడాల మ్యాచ్‌లను లెక్కించడం

ఎనిమిది పాయింట్లు లేదా అంతకన్నా తక్కువ తేడాతో ముగిసిన మ్యాచ్‌ల చుట్టూ పెన్సిలుతో గీత గీయండి. ఎనిమిది ఎందుకంటే, ఒక టచ్‌డౌన్, దానిపై రెండు పాయింట్ల అదనపు ప్రయత్నం కలిస్తే ఎనిమిది. అంటే ఒక్క డ్రైవ్‌తో ఫలితం మారగల తేడా. 2014లో ఫ్లోరిడా స్టేట్ గెలిచిన 13 మ్యాచ్‌లలో ఏడు ఈ గీత లోపల పడతాయి. ముఖ్యంగా రోజ్ బౌల్‌కు ముందు ఆడిన నాలుగు మ్యాచ్‌లు చూడండి: మయామిపై 30-26, బోస్టన్ కాలేజీపై 20-17, ఫ్లోరిడాపై 24-19, జార్జియా టెక్‌పై 37-35. అందులో ఒక్కటీ అయిదు పాయింట్ల తేడా దాటలేదు. గెలిచే నేర్పు ఆ జట్టుకు నిజంగానే ఉంది. అంతకు ముందు ఏడాది అది జాతీయ ఛాంపియన్. అయినా వారం వారం కత్తి అంచు మీద నడిచే జట్టుకు ఒక్కరోజు కాలు జారితే పట్టుకోవడానికి ఏమీ మిగలదు. రోజ్ బౌల్‌లో విరామానికి ఒరెగన్ 18-13తోనే ముందుంది. రెండో సగంలో ఫ్లోరిడా స్టేట్ వరుసగా బంతులు పోగొట్టుకుంది.

ఎల్‌ఎస్‌యూ 2019లో 15 మ్యాచ్‌లకు ఇలాంటివి మూడే: టెక్సస్‌పై ఏడు, ఆబర్న్‌పై మూడు, అలబామాపై అయిదు పాయింట్ల తేడా. ఆ మూడూ బలమైన జట్లపైనే. ఏ బలహీన జట్టూ దానికి చెమట పట్టించలేదు. సీజన్ మొత్తంలో అది చేసినవి 726 పాయింట్లు, ఇచ్చినవి 328. ఇచ్చిన వాటిని వారాల వారీగా చదివితే మరొకటి బయటపడుతుంది. నవంబరులో అలబామాకు 41, ఆ మరుసటి వారం మిసిసిపీకి 37 పాయింట్లు ఇచ్చిన రక్షణ, నెల తిరగకుండానే టెక్సస్ ఎ అండ్ ఎంను 7కు, కాన్ఫరెన్స్ ఫైనల్‌లో జార్జియాను 10కి కట్టడి చేసింది. మొత్తం సగటు చూసేవారికి ఈ మలుపు కనబడదు. ప్లేఆఫ్ మొదలయ్యే ముందు చివరి మూడు మ్యాచ్‌ల సగటును విడిగా వేసుకోమని నేను గట్టిగా చెప్పేది ఇందుకే.

గాయాలు, ప్రత్యామ్నాయ ఆటగాళ్లు

ఒహాయో స్టేట్ 2014 సీజన్‌ను ఆటగాళ్ల పేర్లు లేకుండా చదివితే అర్థం కాదు. మొదటి క్వార్టర్‌బ్యాక్ బ్రాక్స్‌టన్ మిల్లర్ సీజన్‌కు ముందే గాయపడ్డాడు. వర్జీనియా టెక్ చేతిలో ఓడినప్పుడు ఆడింది అతని స్థానంలో కొత్తగా వచ్చిన జె.టి. బారెట్. బారెట్ కుదురుకుని జట్టును గెలుపుల బాట పట్టించాక, మిషిగన్ మ్యాచ్‌లో అతనూ గాయపడ్డాడు. మూడోవాడైన కార్డేల్ జోన్స్ కాన్ఫరెన్స్ ఫైనల్‌లో విస్కాన్సిన్‌పై 59-0తో, సెమీఫైనల్‌లో అలబామాపై 42-35తో, ఆపై ఫైనల్‌లో ఒరెగన్‌పై జట్టును గెలిపించాడు. ప్రతి వరుసలో క్వార్టర్‌బ్యాక్ పేరు రాస్తే ఆ తొలి ఓటమికి ఎంత విలువ ఇవ్వాలో తెలిసిపోతుంది.

దీనికి పూర్తిగా భిన్నమైన అనుభవం ఫ్లోరిడా స్టేట్‌కు 2023లో ఎదురైంది. నవంబరులో క్వార్టర్‌బ్యాక్ జోర్డన్ ట్రావిస్ కాలికి తీవ్ర గాయమైంది. జట్టు 13-0తో కాన్ఫరెన్స్ గెలిచినా, నాలుగు జట్లకే చోటున్న ప్లేఆఫ్‌లో ఎంపిక సంఘం దానికి చోటివ్వలేదు. ఆ నిర్ణయం ఆటగాళ్లకు అన్యాయమని నా అభిప్రాయం. మైదానంలో గెలిచిన మ్యాచ్‌కు విలువ ఉండాలి. తర్వాత ఆరెంజ్ బౌల్‌లో జార్జియా చేతిలో ఆ జట్టు 63-3తో ఓడిన మాట నిజమే గాని, అందులో చాలామంది ప్రధాన ఆటగాళ్లు ఆడలేదు. ప్లేఆఫ్‌కు చెందని బౌల్ మ్యాచ్‌ల స్కోరును సీజన్ తీర్పుగా తీసుకునే ముందు ఎవరు ఆడారో తప్పక చూడండి.

ర్యాంకులు, ప్లేఆఫ్ నియమాలు

వేరువేరు కాలాల సీజన్లను పోల్చేటప్పుడు ఆ కాలపు నియమాలను పుట పైన రాసుకోండి. 2014 నుంచి 2023 వరకు ప్లేఆఫ్‌లో నాలుగు జట్లే ఉండేవి. 2017లో సెంట్రల్ ఫ్లోరిడా 12-0తో ఉండి కూడా ఆ నాలుగింటిలో లేదు; తర్వాత బౌల్‌లో ఆబర్న్‌ను 34-27తో ఓడించి 13-0తో ముగించింది. చిన్న కాన్ఫరెన్స్‌లో ఆడటమే చోటు దక్కకపోవడానికి ప్రధాన కారణం. 2024 నుంచి జట్లు 12 అయ్యాయి. ఆ మొదటి ఏడాది ఒహాయో స్టేట్ సాధారణ సీజన్‌లో ఒరెగన్ చేతిలో 32-31తో, మిషిగన్ చేతిలో 13-10తో ఓడి, ఎనిమిదో స్థానంతో లోపలికి వచ్చి, నాలుగు మ్యాచ్‌లు వరుసగా గెలిచి ఛాంపియన్ అయింది. పాత పద్ధతిలో ఆ జట్టుకు చోటు దొరకడం కష్టం. తొలి రౌండ్ ఆడే అవసరం లేకుండా నేరుగా క్వార్టర్‌ఫైనల్‌కు చేరిన నాలుగు జట్లూ ఆ ఏడాది తమ మొదటి మ్యాచ్‌లోనే ఓడిపోయాయి. కాబట్టి 2019 నాటి 15-0కీ, 2024 నాటి 14-2కీ మధ్య పోలిక పెట్టాలంటే ఓటములు లెక్కించి లాభం లేదు. చివరి గడిలోని ప్రత్యర్థుల ర్యాంకులను పక్కపక్కన పెట్టాలి.

సీజన్ తర్వాత చేయవలసిన పని

2020 జనవరి 13న న్యూ ఆర్లీన్స్‌లో ఎల్‌ఎస్‌యూ రెండో క్వార్టర్‌లో 17-7తో వెనుకబడి, విరామానికి 28-17తో ముందుకు వచ్చి, క్లెమ్సన్‌ను 42-25తో ఓడించింది. అంతకు ముందు క్లెమ్సన్ వరుసగా 29 మ్యాచ్‌లు గెలిచి ఉంది. పట్టిక అక్కడితో ముగించవద్దు. కింద రెండు వరుసలు మిగిల్చి, ఏప్రిల్‌లో వృత్తి లీగ్ ఎంపికలు జరిగాక ఎంతమంది వెళ్లిపోయారో రాయండి. ఆ ఏప్రిల్‌లో ఎల్‌ఎస్‌యూ నుంచి 14 మంది ఎంపికయ్యారు. వారిలో అయిదుగురు మొదటి రౌండ్‌లోనే. బ్రేడీ కూడా వృత్తి లీగ్‌కు వెళ్లిపోయాడు. 2020లో ఆ జట్టు రికార్డు 5-5. ఈ వరుస రాసిన తర్వాత తిరిగి మొదటి పుటకు వెళ్లి, 2018 గురించి పైన రాసుకున్న నాలుగు ముక్కలను దీని పక్కన పెట్టి చదవండి.